ఎవరి పాపము?

ఒకే ఇంట మగబిడ్డలు వరుసగా గుండెజబ్బుతో మరణిస్తే మనము తల్లినే నిందిస్తాము. అట్టి ఒక డచ్చి కుటుంబమును పరిశీలించి, 1983లో డాక్టర్ పీటర్ బార్త్ ఈ వ్యాధిని వివరించారు. 1996లో దానికి కారణమైన జన్యువు దొరికింది.

మన కణములకు శక్తినిచ్చే మైటోకాండ్రియాల లోపలి పొరలో కార్డియోలిపిన్ అనే కొవ్వు ఉంటుంది. దానిని సరిగా తీర్చిదిద్దేది టఫాజిన్ అనే ఎంజైము. అది లోపిస్తే పొర చెడి గుండె కండరము నీరసిస్తుంది. తెల్లకణములు తగ్గి అంటురోగములు సోకుతాయి.

ఈ లోపము సాధారణంగా తల్లి నుండి కుమారునికి వస్తుంది. ఆమెలో జబ్బు కనిపించదు. అది ఆమె తప్పు కాదు. యోహాను సువార్త 9వ అధ్యాయములో పుట్టు గ్రుడ్డివాని గూర్చి ప్రభువు చెప్పిన జవాబును జ్ఞాపకము చేసుకుందాము. ఎదగని, పాలు త్రాగుతూ ఆయాసపడే బిడ్డను ఆలస్యము చేయక వైద్యునికి చూపుదాము, తల్లిని ఆదరించుదాము.