గీత వెలుపల మైకు

బాస్కెట్‌బాల్ ఆట మన రైల్వే ఉద్యోగులకు కొత్తది కాదు. జాతీయ పోటీలలో రైల్వే మహిళా జట్టు ఎన్ని పర్యాయాలు విజేతగా నిలిచినదో మన పాఠకులలో అనేకులకు తెలియును. అయితే మేమీనాడు వ్రాయదలచినది ఆడేవారిని గురించి కాదు. ఆటస్థలపు గీతకు వెలుపల మైకు పట్టుకొని నిలిచి, ముప్పయి నాలుగేండ్ల సేవ తరువాత గాని అత్యున్నత పోటీలో టెలివిజన్ వ్యాఖ్యాతల బల్ల వద్ద కుర్చీ దక్కని ఒక ఉద్యోగినిని గురించి. ఆమె అమెరికా దేశస్థురాలు డోరిస్ బర్క్.

ముందుగా ఆ ఉద్యోగమేమిటో చెప్పుకోవాలి. అమెరికా వృత్తి బాస్కెట్‌బాల్‌లో ఆట పన్నెండేసి నిమిషాల నాలుగు భాగాలుగా నడుస్తుంది. వ్యాఖ్యాతలు బల్ల ముందు కూర్చొని, ఎదుట గణాంకాల కాగితాలు పరచుకొని, ఏ ఎత్తు ఫలించినది, ఏ శిక్షకుడు పొరపాటు చేసినాడు అని తీర్పు చెబుతారు. గీత పక్కన నిలిచే విలేఖరి పని వేరు. దెబ్బ తగిలిన ఆటగాడు తిరిగి వస్తాడో రాడో కనుక్కోవాలి. ఆట విరామంలో, ఓడిపోతున్న జట్టు శిక్షకుని ఎదుట నిలిచి, నిమిషం కూడా గడువక ముందే రెండు మూడు ప్రశ్నలు వేయాలి. 2025 దాకా శాన్ ఆంటోనియో జట్టు శిక్షకుడుగా ఉండిన పోపోవిచ్ ఇట్టి ప్రశ్నలకు ఒకటి రెండు మాటలతో జవాబు తెంచివేయడంలో ప్రసిద్ధుడు. లక్షలాది మంది చూస్తుండగా ఆ విసుగును ముఖాన భరించి, తొణకక మరొక ప్రశ్న వేయవలసినది విలేఖరియే. నిర్ణయాలు లోపలి గదిలో జరిగి, జనం కోపం మాత్రం కిటికీ వద్ద కూర్చున్నవాని మీద పడడం మన తపాలా కౌంటరు ఉద్యోగులకు వివరించి చెప్పనక్కరలేదు.

ఈ పని క్రమేణా స్త్రీల పనిగా మారిపోయినది. ప్రశ్న వేయడానికి స్త్రీ, తీర్పు చెప్పడానికి పురుషుడు: పని విభజన ఈ విధంగా స్థిరపడినది. దీనిని ఎవరూ నియమావళిలో వ్రాయలేదు. వ్రాసి ఉంటే ఎదిరించడం సులభమయ్యేది.

అంతకు పూర్వం ఆ గీత దాకా రావడమే ఒక పోరాటము. బోస్టన్ పత్రికలో క్రీడా విలేఖరిగా 1970ల దశకంలో చేరిన లెస్లీ విస్సర్‌కు ఇచ్చిన ప్రవేశపత్రం మీద స్త్రీలకు, పిల్లలకు ప్రవేశం లేదని అచ్చువేసి ఉండేదట! 1977లో బేస్‌బాల్ ప్రపంచ సిరీస్ సందర్భంలో మెలిస్సా లడ్‌కీ అనే విలేఖరిని ఆటగాళ్ల గదిలోనికి రానీయలేదు. పురుష విలేఖరులు మాత్రం అక్కడే నిలిచి తమ వార్తలు సేకరించుకొన్నారు. ఆమె కోర్టుకెక్కినది. 1978లో న్యాయమూర్తి కాన్‌స్టన్స్ బేకర్ మోట్లీ ఆమె పక్షాన తీర్పు చెప్పినారు. ఆ న్యాయమూర్తి స్వయంగా అమెరికా ఫెడరల్ న్యాయపీఠమెక్కిన మొట్టమొదటి నల్లజాతి మహిళ కావడం గమనింపదగినది. ఆ దారి వేసినవారు వేరు, ఆ దారిన నడిచి మరికొంత ముందుకు పోయినవారు వేరు. బర్క్ రెండవ తరానికి చెందినది.

ఆమె 1965లో జన్మించినది. ఎనమండుగురు సంతానంలో కడగొట్టుది. ప్రావిడెన్స్ కళాశాల జట్టులో ఆడి, సహచరులకు బంతి అందించి పాయింట్లు చేయించడంలో ఆ కళాశాల రికార్డు నెలకొల్పినది. పిదప రెండేండ్లు అదే జట్టుకు సహాయ శిక్షకురాలుగా పనిచేసినది. సంసారమూ శిక్షకత్వమూ రెండూ ఒకేసారి సాగవని భావించి ఆ పని విడిచిపెట్టినది. ఈ వాక్యం దగ్గర మా పాఠకురాళ్లు ఒక్క క్షణం ఆగుతారని మాకు తెలుసు. బదిలీ ఉత్తర్వు చేతికి వచ్చినప్పుడు పదోన్నతిని వదులుకొన్న ఎందరో సోదరీమణులు మా సంఘ కార్యాలయంలో ఇదే మాట చెప్పినారు.

1990లో ఆమె తన కళాశాల మహిళా జట్టు ఆటలకు రేడియో వ్యాఖ్యానంతో ఆరంభించినది. 1991లో ఇ.ఎస్.పి.ఎన్. సంస్థకు పనిచేయసాగినది. 2000లో న్యూయార్క్ నిక్స్ జట్టు ఆటకు వ్యాఖ్యానం చెప్పిన ప్రథమ మహిళ అయినది. అటు తరువాత 2009 నుంచి 2019 దాకా ప్రతి యేటా ఎన్.బి.ఎ. తుది పోటీలలో ఆమె స్థానం గీత పక్కనే. పదకొండు సంవత్సరాలు! 2017లో మాత్రమే జాతీయ ప్రసారాలలో పూర్తికాలపు విశ్లేషకురాలి హోదా లభించినది. 1996లోనే షెరిల్ మిల్లర్ ఒక జాతీయ ప్రసారంలో విశ్లేషకురాలిగా కూర్చున్నది గనుక, స్త్రీకి ఆ పని చేతకాదన్న సందేహం అప్పటికే తీరిపోయి ఉండవలసినది. మరుసటి యేడు, 2018లో, బాస్కెట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్ వారు బర్క్‌కు కర్ట్ గౌడీ పురస్కారమిచ్చినారు. తుది పోటీకి 2020లో రేడియోలోను, 2024 జూన్‌లో టెలివిజన్‌లోను ఆమె విశ్లేషణ చెప్పినది. అమెరికాలోని నాలుగు ప్రధాన పురుషుల వృత్తి క్రీడలలో దేనికైనా తుది పోటీలో టెలివిజన్ విశ్లేషకురాలైన మొదటి స్త్రీ ఆమెయే.

పురుషుల ఆటను ఎన్నడూ ఆడని స్త్రీకి అందులో తీర్పు చెప్పే అర్హత ఏమిటని ఆక్షేపించేవారు ఉన్నారు. మరి ఆ బల్ల వద్ద 2007 నుంచి 2023 దాకా కూర్చున్న జెఫ్ వాన్ గండీ కూడా ఎన్.బి.ఎ.లో ఒక్క ఆటైనా ఆడినవాడు కాడు. శిక్షకుడుగా పేరు గడించినవాడు, సమర్థుడు. అందులో సందేహం లేదు. కాని ఆడి ఉండకపోవడం ఆయనకు అడ్డు కానప్పుడు ఆమెకెందుకు అడ్డు కావాలి? అర్హత కొలిచే బద్ద మనిషిని బట్టి మారితే దానిని బద్ద అనరాదు.

ఇందుకు మన దేశంలోనే ఒక నిదర్శనం ఉన్నది. క్రికెట్ దిగ్గజం, తెలుగు వంశీయుడు సి.కె. నాయుడు కుమార్తె చంద్రా నాయుడు 1970ల దశకంలోనే ఇండోర్‌లో క్రికెట్ వ్యాఖ్యానం చెప్పినది. భారతదేశపు తొలి మహిళా వ్యాఖ్యాతగా ఆమెను పేర్కొంటారు. జీవితమంతా ఆమె చేసిన ఉద్యోగం మాత్రం కళాశాల అధ్యాపకత్వము. 2021లో మరణించినది. తండ్రి పేరు తెలిసినంతగా ఆమె పేరు మన క్రీడాభిమానులకు ఎందుకు తెలియదో ఆలోచించాలి.

ఇక మాకు ముల్లువలె గుచ్చుకొనే విషయానికి వస్తాము. బర్క్‌కు ప్రధాన బృందంలో స్థానం వచ్చినది 2023 ఆగస్టులో. అంతకు కొద్ది వారాల ముందు, జూన్ చివర, అదే సంస్థ తెరపై కనిపించే ఇరవై మంది వరకు ఉద్యోగులను తొలగించినది. అందులో వాన్ గండీ ఒకరు. వెంటనే ఆయన సహ వ్యాఖ్యాత మార్క్ జాక్సన్‌కు కూడా ఉద్వాసన చెప్పినారు. మాతృసంస్థ డిస్నీ ఆ యేడాది 7,000 ఉద్యోగాలు తగ్గిస్తామని ముందే ప్రకటించి ఉన్నది. అనగా ముప్పది మూడేండ్లు ఎదురుచూచిన మహిళకు కుర్చీ దొరికినది కుర్చీల సంఖ్య పెరిగినందువల్ల కాదు, అందులో కూర్చున్నవారిని లేపివేసినందువల్ల.

ఈ రెండు వార్తలను పత్రికలు వేరువేరుగా ప్రచురించినవి: ఒకటి వ్యాపార పుటలో, మరొకటి మహిళా విజయాల పుటలో. మేము రెండింటిని కలిపి చదువుతాము. అలా చదివి ఆమెను తప్పుపట్టడం మా ఉద్దేశము ఎంతమాత్రం కాదు. ఎవరి తొలగింపుకూ ఆమె సంతకం చేయలేదు; ఆ స్థానానికి ఆమె అర్హత ఎప్పుడో సిద్ధించినది. మేము తప్పుపట్టేది, ఒక చేత్తో ఉద్యోగాలు కత్తిరించి మరొక చేత్తో సమానత్వపు పతకం తగిలించుకొనే యాజమాన్యాన్ని. పదోన్నతి పొందిన మహిళను, ఉద్యోగం పోయిన పురుషుణ్ణి ఎదురెదురుగా నిలబెట్టడం యాజమాన్యాలకు పాత విద్యయే. సంఘాలు ఈ ఉచ్చులో పడి, స్త్రీల పదోన్నతి వల్లనే మనవారికి నష్టం కలుగుతున్నదని గొణుగుకొన్న ఉదాహరణలు ఉద్యమ చరిత్రలో లేకపోలేదు. అట్టి గొణుగుడు మన శాఖలలో ఇప్పటికీ వినిపిస్తున్నది గనుకనే ఇంత దూరదేశపు కథను ఇక్కడ వ్రాయవలసి వచ్చినది.

ఈ కథకు ఇంకొక మలుపు ఉన్నది. 2024, 2025 తుది పోటీలు రెండింటికీ వ్యాఖ్యానం చెప్పిన తరువాత, 2025 ఆగస్టులో ఆమెను ప్రధాన బృందం నుంచి తప్పించి టిమ్ లెగ్లర్‌ను నియమించినారు. ఆయన మాజీ ఆటగాడు, పాతికేండ్లుగా అదే సంస్థలో పనిచేస్తున్నవాడు; ఆయనకూ న్యాయమైన నిరీక్షణ ఉన్నది. బర్క్ కాంట్రాక్టును మరికొన్ని యేండ్లు పొడిగించి, డేవ్ పాష్ అనే వ్యాఖ్యాత పక్కన మరొక బృందంలో వేసినారు. జీతపు భద్రత ఉన్నది, తుది పోటీ మాత్రం లేదు. గీత పక్కన పదకొండు తుది పోటీలు, టెలివిజన్ బల్ల వద్ద రెండు.