ఎవరి మాట? ఎవరి ప్రాణం?

"సైన్స్ చదివేవాడికి ఈ చరిత్ర గొడవ ఎందుకురా?" అని హాస్టల్లో మిత్రులు నన్ను ఆటపట్టిస్తుంటారు. తప్పు నాది కాదు, మా ఊరి నీళ్ళ తగాదాది.

నా చిన్నతనంలో మా పెదనాన్నకీ, పక్కచేను రైతుకీ కాలవ నీళ్ళ వంతు దగ్గర మాటా మాటా పెరిగింది. ఇద్దరూ గట్టుమీద కూచుంటే గంటలో తేలిపోయే వ్యవహారం. కాని "నీ వెనక మేమున్నాం, తగ్గకు" అని ఇటు చుట్టాలన్నారు. అటు చుట్టాలూ అదే మాటన్నారు. దాంతో తగ్గడం ఇద్దరికీ నామోషీ అయిపోయింది. కర్రలు లేచాయి, కోర్టుకెక్కారు. ఏడేళ్ళు తిరిగి చెరో ఎకరం అమ్ముకున్నారు. వెనక ఉన్నామన్నవాళ్ళు ఒక్క వాయిదాకైనా రాలేదు.

మొదటి ప్రపంచయుద్ధం గురించి చదివినప్పుడల్లా నాకు ఆ కాలవగట్టే గుర్తొస్తుంది.

1914 జూన్ 28న సరయేవోలో ఆస్ట్రియా యువరాజు ఫ్రాన్జ్ ఫెర్డినాండ్‌ను ప్రిన్సిప్ అనే పందొమ్మిదేళ్ళ కుర్రాడు కాల్చి చంపాడు, అందువల్ల యుద్ధం వచ్చింది అని మనం బళ్ళో చదువుకున్నాం. ఒక్క తూటాకే ప్రపంచయుద్ధం వస్తుందా? 1898లో అదే ఆస్ట్రియా మహారాణి ఎలిజబెత్‌ను జెనీవాలో ఒక ఇటలీ దేశస్థుడు పొడిచి చంపాడు. అప్పుడు యుద్ధం రాలేదే! కనుక తూటా ఒక నిప్పురవ్వ మాత్రమే. గడ్డివాము అప్పటికే వేసి ఉంది.

ఆ వాము వేసినవాళ్ళు మూర్ఖులేమీ కారు. 1879లో జర్మనీ, ఆస్ట్రియా జట్టుకట్టాయి. 1882లో ఇటలీ చేరింది. ఇటు ఒంటరిగా మిగిలిన ఫ్రాన్స్ 1894 నాటికి రష్యాతో చేతులు కలిపింది. 1904లో ఫ్రాన్స్‌తో, 1907లో రష్యాతో బ్రిటన్ తన పాత తగాదాలు తీర్చుకుంది. అందరూ చెప్పిన మాట ఒక్కటే: ఇది ఆత్మరక్షణ కోసం, బలసామ్యం కోసం!

బలసామ్యం అంటే సైన్స్ విద్యార్థిగా నాకో సందేహం. సమతాస్థితిలో రెండు రకాలు చూడండి. గిన్నె అడుగున ఉన్న గోళీని కదిపితే మళ్ళీ అడుక్కే వస్తుంది. బోర్లించిన గిన్నెపైన నిలిపిన గోళీ కూడా నిలకడగానే కనిపిస్తుంది, కాస్త తాకితే చాలు, ఇక ఆగదు. యూరప్ పెద్దలు సాధించిన సామ్యం ఈ రెండో రకానిది.

ఎలా దొర్లిందో చూడండి. జులై 5న జర్మనీ చక్రవర్తి ఆస్ట్రియాకు "మీరేం చేసినా మీ వెంట ఉంటాం" అని మాటిచ్చాడు. చరిత్రకారులు దీన్ని ఖాళీ చెక్కు అంటారు. ఆ ధైర్యంతో జులై 23న ఆస్ట్రియా 48 గంటల గడువుతో సెర్బియాకు హెచ్చరిక పంపింది. సెర్బియా చాలావరకు ఒప్పుకున్నా వినకుండా 28న యుద్ధం ప్రకటించింది. 30న రష్యా తన సైన్యమంతటినీ కదలమంది. ఆగస్టు 1న జర్మనీ రష్యాపై, 3న ఫ్రాన్స్‌పై యుద్ధం ప్రకటించింది. 4న జర్మనీ సేనలు బెల్జియంలో అడుగుపెట్టాయి, ఆ రాత్రే బ్రిటన్ దిగింది. వారం రోజులు!

అంతకన్నా విచిత్రం ఇంకోటుంది. ఆగస్టు 1 సాయంత్రం, ఫ్రాన్స్ జోలికి పోకుండా సైన్యాన్ని తూర్పుకే పంపవచ్చునేమో అని జర్మనీ చక్రవర్తికి ఆశ పుట్టింది. కాని సేనాధిపతి మోల్ట్‌కే, ఏళ్ళ తరబడి వేసిన రైళ్ళ ఏర్పాటును ఇప్పుడు మార్చడం సాధ్యం కాదన్నాడు. చక్రవర్తి మాటకన్నా రైల్వే టైంటేబులుకే విలువెక్కువైంది!

మరి ప్రజలకేం తెలుసు? ఫ్రాన్స్, రష్యాల ఒప్పందాన్ని ఫ్రాన్స్ పార్లమెంటుకు కూడా చూపలేదు. 1906 నుంచి బ్రిటన్, ఫ్రాన్స్ సైనికాధికారులు కలిసి పథకాలు వేసుకుంటుంటే, బ్రిటిష్ మంత్రివర్గంలోనే చాలామందికి 1911 దాకా తెలియదు. మంత్రులకే తెలియంది మాలికి, కూలికి ఎవరు చెబుతారు?

ఆగస్టు 1 సాయంత్రం ఫ్రాన్స్ పల్లెల్లో చర్చి గంటలు మోగాయి. అది కోతల కాలం. చేలల్లో ఉన్న రైతులు చాలాచోట్ల ఎక్కడో నిప్పంటుకుందనుకుని పరుగెత్తారట. వచ్చాక తెలిసింది, రమ్మంటున్నది యుద్ధానికని. వాళ్ళ వెనకే దున్నే గుర్రాలనీ పట్టుకుపోయారు. ఆ దేశంలో 13 లక్షలకు పైగా సైనికులు చనిపోయారు. రైతుబిడ్డగా నాకు ఆ కోయని చేలే కళ్ళ ముందు మెదులుతాయి.

మనల్నీ ఎవరూ అడగలేదు. అయినా 10 లక్షలకు పైగా భారతీయులు సముద్రాలు దాటి వెళ్ళారు, 70 వేలకు పైగా తిరిగి రాలేదు. 1914 సెప్టెంబర్ 22 రాత్రి ఎమ్డెన్ అనే జర్మన్ నౌక మద్రాసు రేవులో చమురు ట్యాంకుల్ని తగలబెట్టింది. సరయేవో ఎక్కడ? మద్రాసు ఎక్కడ? 1939లో మళ్ళీ అదే కథ. వైస్రాయి ఎవరినీ అడక్కుండా భారతదేశం యుద్ధంలో ఉందని ప్రకటించాడు. అందుకు నిరసనగానే కాంగ్రెస్ మంత్రివర్గాలు రాజీనామా చేశాయి.

అయితే పొత్తులన్నీ పాపమేనా? కాదు. బలహీనుడికి తోడు కావాలి. 1938లో చెకోస్లొవేకియాను కాపాడవలసిన ఫ్రాన్సే మ్యూనిక్‌లో చేతులు దులుపుకుంటే హిట్లర్ ఆగలేదు సరికదా, ఇంకా పేట్రేగిపోయాడు. కనుక మాట ఇవ్వడం తప్పు కాదు, ఇచ్చిన మాట నిలబెట్టుకోవాలి కూడా. నేను తప్పంటున్నవి రెండు: హద్దు లేని మాట, చాటున ఇచ్చిన మాట. 1939 ఆగస్టు 23న హిట్లర్, స్టాలిన్‌ల ఒప్పందానికి ఒక రహస్య అనుబంధం ఉంది. అందులోనే పోలండును ఇద్దరూ పంచుకున్నారు. వారం తిరిగేసరికి రెండో యుద్ధం!

ఒప్పందాలను నమోదు చేసి ప్రచురించాలని ఐక్యరాజ్యసమితి చార్టరులో 102వ అధికరణం ఉంది. మంచిదే. కాని కాగితం మీది నియమానికి కాపలా ఉండాల్సింది మనం. 1914లో ఆలోచించుకోవడానికి రోజులైనా ఉన్నాయి. ఈనాటి ఖండాంతర క్షిపణికి అరగంట చాలు.

మిత్రులారా, యుద్ధం వస్తే వెళ్ళేది మన వయసువాళ్ళే. ఏ ప్రభుత్వమైనా, ఏ దేశంతోనైనా చేయి కలపనీయండి. కాని మన పేరు మీద ఏ మాట ఇచ్చారు, ఎంతవరకు ఇచ్చారు అని అడిగే హక్కు మనది. మా పెదనాన్నను ఆనాడు ఎవరైనా "వాళ్ళు వెనక ఉంటామన్నారు సరే, ముందు ఉండేది ఎవరు?" అని అడిగి ఉంటే, ఆ ఎకరం ఈనాటికీ మాదిగానే ఉండేది.

– బి.ఎస్సి. తృతీయ సంవత్సరం విద్యార్థి