వనభోజనమునకు సద్దిమూట

కార్తికమాసము వచ్చినదనగానే వనభోజనముల ప్రసక్తి ప్రతి యింటను వినవచ్చును. ఉసిరికచెట్టు మొదట దీపము పెట్టి పూజించి, ఆ నీడనే పంక్తిగా కూర్చుండి భుజించుట మన పూర్వాచారము. దినదినము నాలుగుగోడల నడుమ పొయ్యిముందు గడపు ఇల్లాలికి ఏడాదికొకమారైనను చెట్టుగాలియు, నలుగురితోడి ముచ్చటయు లభించు పండుగ యిది. కాని సోదరీమణులారా, ఆ దినమున మనకు నిజముగా దక్కుచున్నదేమి? పురుషులు పేకాటలోను, పిల్లలు పరుగులలోను మునిగియుండగా మనము మూడురాళ్ల పొయ్యికడ పొగకు కన్నులు తుడుచుకొనుచుందుము. అందరి విస్తళ్లు లేచిన పిమ్మటగాని మన విస్తరి పడదు. వంటయిల్లు వనమునకు మారినదేగాని వండు చేతికి విశ్రాంతి రాలేదు.

దీనికి ఉపాయము దూరమున వెదుకనక్కరలేదు. పూర్వము మహబూబునగరు జిల్లాలోనుండి 2016లో వేరు జిల్లాలైన గద్వాల, వనపర్తి, నాగరుకర్నూలు సీమల స్త్రీలు ఆ ఉపాయమును చిరకాలముగా ఎరుగుదురు. సద్దుల బతుకమ్మనాడు ప్రతి యింటను సద్దులు ముందుగనే కలిపి సిద్ధపరతురు. బతుకమ్మను నీట విడిచిన పిమ్మట చెరువుగట్టుననే కూర్చుండి ఒకరి సద్ది నొకరికి పంచుకొందురు. అచ్చట పొయ్యి లేదు, పొగ లేదు. వండినవారే ముందుగా తినువారు. ఆ పండుగ కడచిన మూడు వారములకే కార్తికము వచ్చును. ఆ పద్ధతినే వనభోజనమునకును ఏల పట్టింపరాదు?

ఐరోపాలోని చెకు దేశీయులును వేసవిలో తోటవిందులు చేసికొందురు. మాంసపు సాసేజీలను నిప్పులపై కాల్చుకొని, బీరు త్రాగుట వారి వాడుక. అయినను గసగసాల ముద్దయో, పండ్ల ముద్దయో పెట్టిన 'కొలాచె' యను గుండ్రని రొట్టెలను మాత్రము ముందుగా ఇంటనే కాల్చుకొందురు. తోటలో కూర్చుండుటకు తోటలోనే సమస్తము వండనక్కరలేదని దీనివలన తెలియుచున్నది.

పది యిండ్లవారు కలిసినచో ఇంటికొక వంటకము చాలును. చింతపండు పులిహోరకు సోలెడు బియ్యమునకు నిమ్మకాయంత చింతపండు తీసికొని, పులుసు చిక్కబడువరకు ఉడికించి పోపు చేర్చవలెను. వేయించిన నువ్వులపొడియు, పల్లీలును కలిపినచో రుచి హెచ్చును. అన్నమును వెడల్పు పళ్లెమున ఆరబెట్టిన పిమ్మటనే కలుపవలెను. వేడిమీద మూతపెట్టినచో చెమ్మపట్టి చెడిపోవును. పెరుగు సద్దికి అన్నము మెత్తగా వండి, చల్లారిన పిదప సోలెడు బియ్యమునకు రెండు సోలల కాచి చల్లార్చిన పాలును, రెండు చెంచాల పెరుగును కలుపవలెను. ఉదయము కలిపినది మధ్యాహ్నమునకు తోడుకొని కమ్మగా నుండును. రొట్టెలను వెచ్చగా నున్నప్పుడే నలిపి, బెల్లమును నేయియు చేర్చి ముద్దలు కట్టినచో మలీద యగును. జొన్నరొట్టెలు, పల్లీల పచ్చడి, కుండెడు మజ్జిగ ఉన్నచో మరి కొరత లేదు. పులుపు పదార్థములను కలాయి లేని ఇత్తడి గిన్నెలలో ఉంచరాదు. ఉద్యోగస్థుల సెలవునుబట్టి ఆదివారము వెళ్లువారు, ఆనాడు ఉసిరిక తినరాదను ఆచారము పాటించినచో, ఉసిరిక పచ్చడికి బదులు నిమ్మకాయ సద్ది చేసికొనవచ్చును.

ఇక చోటుల కేమి కొదువ? గద్వాలవారికి కృష్ణయొడ్డున బీచుపల్లి ఆంజనేయస్వామి సన్నిధి కలదు. వనపర్తివారికి శ్రీరంగాపురమున రంగసముద్రము చెరువును, దాని యొడ్డున రంగనాయకస్వామి ఆలయమును కలవు. కొల్లాపురము చేరువను కృష్ణాతీరమున సోమశిల యున్నది. నాగరుకర్నూలు దక్షిణమున నల్లమల కలదు గాని, అది అమ్రాబాదు పులుల అభయారణ్యము. రక్షితారణ్యమున నిప్పు రాజేయుట చట్టవిరుద్ధము. ఎండుగడ్డిపై పడిన ఒక్క నిప్పురవ్వ కొండనంతయు కాల్చగలదు. సద్దిమూటతో వెళ్లువారికి ఆ భయమే లేదు. చెట్టు మొదట పొయ్యి పెట్టి, ఏ వృక్షమును పూజించితిమో దాని వేళ్లనే మాడ్చు దోషమును తప్పును. దీపమును సయితము పూజానంతరము కొండెక్కువరకు కనిపెట్టియుండి కదలవలెను.

మరియొక మాట. వడ్డన వంతులవారీగా సాగవలెను. మొదటి పంక్తిలో వండి తెచ్చిన స్త్రీలు కూర్చుండగా పురుషులు వడ్డింపవలెను. మనతో వచ్చిన పనివారికిని ఆ పంక్తిలోనే ఆకు వేయవలెను. ఒక్క చెట్టు అందరికిని ఒక్కటే నీడ నిచ్చుచుండగా మనము పంక్తిభేదము చూపుట తగునా? భోజనానంతరము విస్తళ్లను, కాగితములను మూటగట్టి తెచ్చుట పిల్లలకు అప్పగింపుడు. వారికి అదియొక మంచి పాఠమగును.

ఈ కార్తికమున ఇంట ఈ మాట ముందుగనే ఎత్తి ఒప్పింపుడు. ఉసిరిక నీడలో మీరును నింపాదిగా భుజించి, చెల్లెండ్రతో ముచ్చటించి, అలసటతో గాక ఉల్లాసముతో ఇల్లు చేరుదురుగాక.