తొట్టి చేపను చెరువులో వదిలితే పుణ్యమా?

అరవ బడిలో చదివినవాళ్ళం, భాషలో తప్పులుంటే మన్నించండి. విషయంలో తప్పు లేదు.

అద్దాల తొట్టిలో పాచి తింటుందని మనం కొనే సక్కర్ చేప దక్షిణ అమెరికాది. అడుగుకు పైగా పెరిగాక తొట్టి చాలదు. ‘పాపం, బతకనీ’ అని చెరువులో వదిలేస్తాం. ఏం పుణ్యం అది? గట్టుకు బొరియలు తవ్వి గుడ్లు పెడుతుంది, గట్టు జారుతుంది. మన చేపల గుడ్లూ తింటుంది. ఒంటినిండా ముళ్ళు, జాలరి వల చిరుగుతుంది. మురికినీళ్ళలోనూ గాలి మింగి బతుకుతుంది. ఇక్కడ చెన్నై చెరువుల్లోనూ ఉంది, అక్కడ ఆంధ్రలోనూ ఉంది.

చెరువులు తవ్వించిన పెద్దల పేర్లు సభల్లో చెప్పుకుంటాం. వాళ్ళు కట్టిన గట్టును మనమే తవ్విస్తున్నాం! పెంచలేకపోతే కొన్న అంగడికే తిరిగివ్వండి. అసలు కొనకండి.