మాయకొండల్లో మంత్రగాడెవరు?

మన జానపద కథల్లో కొండలంటే భయమే. ఏడు కొండలు దాటితే రాక్షసుడి కోట, కోటలో చిలక, చిలకలో రాక్షసుడి ప్రాణం. 'చందమామ'లో దాసరి సుబ్రహ్మణ్యంగారు రాసిన సీరియల్ పేరే 'రాకాసిలోయ'. 1951లో వచ్చిన 'పాతాళభైరవి' సినిమాలో మాంత్రికుడు ఎక్కడివాడు? కొండల దేశమైన నేపాళం వాడు! దూరాన నీలంగా, మంచులో సగం దాగి కనిపించే కొండ ఏ కథకుడినైనా ఊరిస్తుంది. ఈ కథలు చదవవద్దని నేను అనను. హాయిగా చదవండి. కాని కథలోని మాయను తెచ్చి నిజమైన కొండలకూ, అక్కడి మనుషులకూ అంటగడితే మాత్రం ఒప్పుకోకూడదని నా అభిప్రాయం.

అటువంటి 'మాయకొండలు' మనకు దగ్గరలోనే ఉన్నాయి. మా కూర్మన్నపాలెం నుంచి కొన్ని గంటలు ప్రయాణం చేస్తే అనంతగిరి, అరకు, పాడేరు, చింతపల్లి వస్తాయి. ఇవన్నీ తూర్పు కనుమలు. ఇప్పుడంటే అక్కడికి సరదాగా వెళుతున్నాం గాని, ఒకప్పుడు 'మన్యం' అన్న మాట వింటేనే మైదానం వాళ్లు హడలిపోయేవారు. అందుకు కారణం మన్యపు జ్వరం.

ఆ జ్వరం తీరు నిజంగా మాయలాగే ఉండేది. మొదటిది, పగలు కొండమీదికి వెళ్లి పొద్దుగూకేలోగా దిగివచ్చినవాడికి సాధారణంగా ఏమీ అయ్యేది కాదు. రాత్రి అక్కడ పడుకున్నవాడికే ముప్పు. రెండవది, కొండమీద ఉన్నన్నాళ్లు బాగానే ఉన్నవాడు ఇంటికి చేరిన తరువాత, పది పన్నెండు రోజులకు, చలితో వణికి మంచాన పడేవాడు. కొండదేవత వెంటపడి వచ్చిందని అనుకోక మరేమనుకుంటారు? మూడవది, అక్కడే పుట్టి పెరిగిన పెద్దలు మాత్రం ఆ అడవిలోనే తిరుగుతూ పనులు చేసుకునేవారు. వాళ్లకు ఏదో మంత్రం తెలిసి ఉండాలి!

చూశారా, ఈ మూడూ కల్పించిన మాటలు కావు. గమనించిన విషయాలే. గమనించడంలో తప్పు లేదు, కారణం చెప్పడంలోనే తప్పు వచ్చింది.

అసలు కారణం బయటపడింది కూడా తెలుగు నేలమీదే. 1897 ఆగస్టు 20వ తేదీన సికింద్రాబాదులో రొనాల్డ్ రాస్ అనే వైద్యుడు, మలేరియా రోగిని కుట్టిన దోమను కోసి, దాని పొట్టగోడలో మలేరియా క్రిమిని సూక్ష్మదర్శినితో చూశాడు. అంతకుముందు రెండేళ్లపాటు ఎన్నో దోమలను కోసి నిరాశపడ్డాడు. ఈ కృషికి ఆయనకు 1902లో నోబెల్ బహుమతి వచ్చింది.

ఇప్పుడు ఆ మూడు చిక్కుముడులూ విప్పండి. మలేరియాను మోసే అనాఫిలిస్ దోమ ఎక్కువగా రాత్రిపూటే కుడుతుంది. వీటిలో కొండప్రాంతాల దోమ మురికి గుంటలో కాదు, మెల్లగా పారే గెడ్డల అంచున, తేటనీటిలో గుడ్లు పెడుతుంది. కుట్టిన దోమ నుంచి వచ్చిన క్రిమి ముందు మన కాలేయంలో పెరిగి, ఆ తరువాతే రక్తకణాల్లోకి వస్తుంది. అందుకే జ్వరం రావడానికి అన్ని రోజులు పడుతుంది. ఇక మూడవది. పసితనం నుంచి పదే పదే మలేరియా సోకినవారికి కొంత నిరోధకశక్తి వస్తుంది. అది మంత్రం కాదు. దాని ఖరీదు చాలా ఎక్కువ. ఆ శక్తి రాకముందే ఎందరో పసిపిల్లలు చనిపోయేవారు. బతికిన పెద్దలను చూసి మనం మంత్రం అనుకున్నాం. పోయిన పిల్లలను లెక్కించలేదు.

గిరిజనులను చూసి మనం నవ్వనక్కరలేదు. 'మలేరియా' అన్న పేరుకే ఇటలీ భాషలో 'చెడ్డగాలి' అని అర్థం. చదువుకున్న ఐరోపా పండితులు కూడా శతాబ్దాల తరబడి చెడ్డగాలినే నిందించారు.

"భయపడితే మంచిదే కదా, చీకటి పడకముందే కొండ దిగేవారు" అని కొందరు అనవచ్చు. నిజమే. ఆ భయం వచ్చిపోయేవాడిని కాపాడింది. మరి అక్కడే ఇల్లు ఉన్నవాడు ఎక్కడికి దిగిపోతాడు? అతనికి కావలసినవి దోమతెర, రక్తపరీక్ష, మందు. మాయ అన్న జవాబు వీటిలో ఏ ఒక్కదానికీ దారి చూపదు.

అంతకన్నా పెద్ద ప్రమాదం మరొకటి ఉంది. మాయ అని ఒప్పుకున్నాక, ఆ మాయ చేసినవాడు ఒకడు ఉండాలి కదా! ఊళ్లో ఎవరో జ్వరంతో చనిపోతే, గిట్టనివాడిమీదనో, దిక్కులేని ముసలామెమీదనో 'చిల్లంగి' పెట్టారని నింద వేస్తారు. ఆ అనుమానంతో మనుషులను చంపిన ఘోరాలు మన ఏజెన్సీలో జరిగాయి. ఇవే కొండలను మనతో పంచుకున్న ఒడిశా రాష్ట్రం ఇటువంటి దాడులను అరికట్టడానికి 2013లో ప్రత్యేకంగా చట్టమే చేయవలసి వచ్చింది. దోమ చేసిన నేరానికి మనిషిని శిక్షించడం ఎంత అన్యాయం!

స్వాతంత్ర్యం వచ్చిననాడు దేశంలో ఏటా సుమారు 7.5 కోట్ల మందికి మలేరియా సోకేదనీ, 8 లక్షల మంది చనిపోయేవారనీ అంచనా. ఈనాడు ఆ సంఖ్యలు ఎన్నో రెట్లు తగ్గాయి. తగ్గించినవి తాయెత్తులు కావు. మందులు, దోమల నివారణ, ఊరూరా తిరిగి రక్తపు చుక్కలు సేకరించిన ఆరోగ్య కార్యకర్తల కాళ్లు. అయినా ఏజెన్సీలో ఆ జబ్బు ఇంకా పూర్తిగా పోలేదు.

పిల్లలూ, మీ వీధిలోనైనా సరే, ఎవరికైనా జ్వరం వచ్చినప్పుడు "ఎవరు చేశారు?" అన్న మాట వినిపిస్తే, "ఏది చేసింది?" అని మీరు మర్యాదగానే అడగండి. ఆ తరువాత రోగిని రక్తపరీక్షకు తీసుకువెళ్లమని పెద్దలకు చెప్పండి. మాయకొండ సంగతి చందమామ కథలో ఎలాగూ చదువుకోవచ్చు.