గాడ్జిల్లా లోపల ఒక మనిషి ఉండేవాడు

'గాడ్జిల్లా మైనస్ వన్' చూశారా? ఓ 35 మంది గ్రాఫిక్స్ టీమ్ కలిసి సముద్రంలోంచి లేపిన ఆ రాక్షసబల్లికి 2024లో ఆస్కార్ వచ్చింది. హాలీవుడ్ స్టూడియోలన్నీ నోరెళ్లబెట్టాయి. బాగానే ఉంది కానీ, అదే రాక్షసబల్లి 1954లో మొదటిసారి నడిచినప్పుడు కంప్యూటర్ అనేదే సీన్‌లో లేదు. నడిచింది ఓ మనిషి. పేరు హరువో నకజిమా.

1954 నుంచి 1972 దాకా వరసగా 12 గాడ్జిల్లా సినిమాలు చేశారాయన. ప్రపంచమంతా ఆయన్ని చూసింది, ఆయన ముఖం మాత్రం చూడలేదు. మన దగ్గర హీరో ఎంట్రీకి ఈలలు పడతాయి కదా, ఈయన ఎంట్రీకి జనం తెరమీద పరిగెత్తారు!

1929 జనవరి 1న యమగత ప్రాంతంలోని సకతా అనే ఊళ్లో పుట్టారు. తోహో స్టూడియోలో చిన్న చిన్న వేషాలు, స్టంట్లు చేసేవారు. 1953లో వచ్చిన 'ఈగిల్ ఆఫ్ ది పసిఫిక్' అనే యుద్ధం సినిమాలో ఒంటికి నిప్పంటించుకుని పరిగెత్తే సీన్ చేశారు. కురొసావా తీసిన 'సెవెన్ సమురాయ్'లో బందిపోటుగా వచ్చి కత్తివేటుకి చచ్చిపోయే చిన్న పాత్ర కూడా ఆయనదే. ఇలా పడమంటే పడి, కాలమంటే కాలే కుర్రాడికి ఆ సంవత్సరమే కొత్త పని చెప్పారు: ఓ సూట్‌లో దూరాలి.

సూట్ ఎందుకంటే, వేరే దారి లేక. స్పెషల్ ఎఫెక్ట్స్ చూసే ఎయిజీ త్సుబురాయాకి 1933 నాటి 'కింగ్ కాంగ్' అంటే ప్రాణం. అందులోలాగా బొమ్మని ఇంచి ఇంచి జరుపుతూ ఒక్కో ఫ్రేమ్ తీయాలని ఆయన కోరిక. అలా తీయాలంటే ఏళ్లు పడుతుంది. తోహో దగ్గరున్నవి నెలలు. అందుకని మనిషి సైజు సూట్ కుట్టించి, ఊరిని 25 వంతులు చిన్నది చేసి కట్టారు. 50 మీటర్ల గాడ్జిల్లా కాస్తా రెండు మీటర్లయింది.

ఆ సూట్ కథ వింటే మీకే ఊపిరాడదు. వెదురు, తీగలతో చట్రం, దానిమీద గుడ్డ, రబ్బరు పూతలు. బరువు దాదాపు 100 కిలోలు. మొదటిసారి వేసుకున్నప్పుడు నకజిమా ఓ పది మీటర్లు నడవగలిగారు. ఆయనతో పాటు ఆ వేషానికి తీసుకున్న కట్సుమి తెజుకా మూడు మీటర్లకే కూలబడ్డారు. ఇది పనికిరాదని ఇంకోటి తేలిగ్గా చేయించారు. పాతదాన్ని మాత్రం పారేయలేదు, నడుము దగ్గర కోసి, కాళ్లు మాత్రమే కనిపించే షాట్లకి వాడుకున్నారు! కొత్తదాంట్లో కూడా మూడు నిమిషాలు దాటితే కళ్లు తిరిగేవి. షాట్ అవగానే సూట్‌లోంచి చెమట పారబోసేవాళ్లు. ఆ ఒక్క సినిమాకే ఆయన దాదాపు 9 కిలోలు తగ్గారని చెప్తారు. జిమ్ ఫీజు ఆదా అని జోకులేయకండి, పాపం.

ఇంకో చిక్కుంది. ఇది టెక్నికల్ విషయం కానీ భలే ఉంటుంది. మామూలుగా సినిమా సెకనుకి 24 ఫ్రేములు. రాక్షసుడి సీన్లని అంతకన్నా ఎక్కువ స్పీడులో తీసి, మామూలు స్పీడులో చూపిస్తారు. అప్పుడు అడుగు బరువుగా పడుతుంది, అట్టపెట్టెంత బిల్డింగ్ కూడా నిజంగా కూలినట్టు మెల్లగా కూలుతుంది. ఇక లోపలున్న మనిషి సంగతి చూడండి. తెరమీద నిదానంగా కనిపించాలంటే సెట్లో చకచకా కదలాలి. పైగా ఫ్రేములు పెరిగితే లైట్లు కూడా పెంచాలి. లైట్లు పెరిగితే వేడి. అంటే గాడ్జిల్లా ఎంత ఠీవిగా నడిస్తే, లోపలాయన అంత ఉడికిపోతున్నట్టు లెక్క. తోకేమో ఆయన చేతిలో ఉండదు, పైనుంచి తీగలతో వేరేవాళ్లు ఆడిస్తారు.

ఇంత నరకంలో నటన ఎక్కడిది అనుకుంటాం. ఆయన మాత్రం షూటింగ్‌కి ముందు టోక్యోలో ఉఎనో జూకి వెళ్లి ఏనుగులు, ఎలుగుబంట్లు ఎలా నడుస్తాయో చూస్తూ కూర్చున్నారు. ఎవరూ ముఖం చూడని వేషానికి అంత హోంవర్క్ అవసరమా అంటే, ఆ సినిమా చూస్తే తెలుస్తుంది. ఆ నడకలో తొందరుండదు. ఎవరిమీదా కోపం ఉన్నట్టు కూడా ఉండదు. అందుకే ఎక్కువ భయం వేస్తుంది.

ఆ ఏడాది జపాన్‌కి ఆ భయం కొత్త కాదు. 1954 మార్చి 1న బికినీ దీవుల దగ్గర అమెరికా హైడ్రోజన్ బాంబు పరీక్ష చేసింది. 'లక్కీ డ్రాగన్ 5' అనే జపాన్ చేపల పడవ మీద రేడియేషన్ బూడిద కురిసింది, అందులో ఉన్న 23 మందీ జబ్బుపడ్డారు, సెప్టెంబర్‌లో ఒకరు చనిపోయారు. నవంబర్ 3న 'గాడ్జిల్లా' రిలీజైంది. హైడ్రోజన్ బాంబు లేపిన జంతువు కథ అది. హాల్లో కూర్చున్నవాళ్లకి విడమరిచి చెప్పాల్సిన పనేముంది?

ఆ తర్వాత నకజిమా ఖాళీగా లేరు. 1956లో 'రోడాన్' అనే ఎగిరే రాక్షసుడు. దాన్ని వేలాడదీసిన తీగ తెగి ఏడు మీటర్ల పైనుంచి నీళ్లలో పడ్డారు. 1958లో 'వరాన్'. ట్రక్కు పేలే సీన్‌లో పొట్ట దగ్గర కాలింది. మళ్లీ సూట్ వేసుకున్నారు.

అరవైల్లోకి వచ్చేసరికి పిల్లలు హాళ్లకి ఎగబడటం మొదలైంది, గాడ్జిల్లా కూడా మారిపోయింది. 1962లో కింగ్ కాంగ్‌తో ఫైటు. దాన్ని నకజిమా, కాంగ్ వేషం వేసిన షోయిచి హిరోసే కలిసి రెజ్లింగ్ పట్లు చూసి కంపోజ్ చేసుకున్నారు. 1965 సినిమాలో అయితే గాడ్జిల్లా గెలిచి ఎగిరి గంతులేస్తుంది! అప్పట్లో పాపులర్ అయిన ఓ కామెడీ మాంగాలోని పోజు అది. సీరియస్ అభిమానులు ఇప్పటికీ ఆ సీన్‌కి తల పట్టుకుంటారు. నాకైతే అదే ఇష్టం. ఊరిని తొక్కిన కాళ్లే చిందులేయడం, రెండూ ఒకే మనిషి చేయడం మామూలు విషయమా?

ముఖం సంగతి అన్నాను కదా. 1966లో 'వార్ ఆఫ్ ది గర్గాంట్యువాస్'లో ఆయన గైరా అనే ఆకుపచ్చ రాక్షసుడు. ఆ మాస్క్‌లోంచి కళ్లు మాత్రం ఆయనవే కనిపిస్తాయి. ఆ రెండు కళ్లతో ఆకలి, మొండితనం, భయం అన్నీ చూపించేశారు. చిన్నప్పుడు చూసిన ఆ సినిమా గురించి బ్రాడ్ పిట్ 2012 ఆస్కార్ వేదిక మీద చెప్పారు. అదే ఏడాది టీవీలో 'అల్ట్రామన్' మొదలైతే అందులోనూ ఈయనే. ఓ ఎపిసోడ్‌లో పాత గాడ్జిల్లా సూట్‌కే మెడచుట్టూ పెద్ద కాలర్ తగిలించి కొత్త రాక్షసుడని చూపించారు. బడ్జెట్ కష్టాలు ఎక్కడైనా ఒకటే.

1970 జనవరిలో త్సుబురాయా చనిపోయారు. టీవీ దెబ్బకి జపాన్‌లో థియేటర్లు ఖాళీ అవుతున్నాయి. తోహో ముక్కలై, జీతానికి ఉండే నటుల పద్ధతికి మంగళం పాడింది. 1972లో 'గాడ్జిల్లా వర్సెస్ గైగాన్' ఆయన చివరి గాడ్జిల్లా. ఆ తర్వాత అదే కంపెనీ ఆయన్ని ఎక్కడికి బదిలీ చేసిందో తెలుసా? స్టూడియో స్థలంలోనే ఉన్న బౌలింగ్ ఆలీకి. 18 ఏళ్లు ఆ కంపెనీకి అన్నం పెట్టిన వేషం వేసిన మనిషి, బంతులు దొర్లే చోట ఉద్యోగం!

ఆ ఆఖరి రెండు సినిమాల్లో ఆయన చేతిలో దెబ్బలు తిన్న విలన్ రాక్షసుడు కెన్‌పచిరో సత్సుమా. 1984లో గాడ్జిల్లా తిరిగొచ్చినప్పుడు సూట్ వేసుకున్నది ఆయనే, 1995 దాకా. తొంభైల నుంచి నకజిమాకీ పిలుపులు మొదలయ్యాయి. దేశదేశాల ఫ్యాన్ మీట్లకి వెళ్లారు, 2010లో ఆత్మకథ రాశారు. 2017 ఆగస్టు 7న, 88 ఏళ్ల వయసులో న్యుమోనియాతో వెళ్లిపోయారు.

చూడాలనిపిస్తే 1954 నాటి బ్లాక్ అండ్ వైట్‌తో మొదలుపెట్టండి. అందులో ముఖం కనిపించేలా ఓ చిన్న వేషం కూడా వేశారాయన. గాడ్జిల్లా ఊళ్లోకి వచ్చాక మాత్రం మంటలు, బిల్డింగులు కాసేపు వదిలేసి కాళ్ల వైపు చూడండి.