ఊరు చూడాలంటే కొండెక్కాలి

విహారయాత్ర అనగానే మనవాళ్ళకి ఊటీయో గోవాయో గుర్తొస్తుంది. చదువుకుంటున్న ఈ హైదరాబాదును కాలినడకన చూసినవాళ్ళు మనలో ఎందరు?

నిరుడు మేం పదిమందిమి ఒక గైడును వెంటబెట్టుకొని గోల్కొండ ఎక్కాం. ఫతే దర్వాజా దగ్గర ఆయన చప్పట్లు కొట్టి, ఆ చప్పుడు పైన బాలా హిస్సారు దాకా వినిపిస్తుందన్నాడు. మేమూ కొట్టాం, మురిసిపోయాం. పైకెళ్ళాక రాజుల పేర్లన్నీ గడగడా అప్పజెప్పాడు. 1687లో ఔరంగజేబు ఎనిమిది నెలల ముట్టడి కథా చెప్పాడు. "ఇంత ఎత్తుకి నీళ్ళెలా వచ్చేవండీ?" అని మావాడొకడు అడిగితే మాత్రం గడియారం చూసుకున్నాడు.

దుర్గం చెరువు నుంచి మట్టి గొట్టాల్లో వచ్చిన నీటిని అంచెలంచెలుగా పైకి తోడి పోసేవారు. ఆ తోడిన చేతుల ఊసు ఆయన పాఠంలో లేదు. తప్పు గైడుది కాదు. మనం అడిగేది ఫోటోకి మంచి చోటే కదా!

1908 సెప్టెంబరు 28న మూసీ పొంగినప్పుడు, నేటి ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలోని చింతచెట్టెక్కి నూటయాభై మంది దాకా బతికారని చెబుతారు. వాళ్ళకి ఎత్తంటే అందం కాదు, ప్రాణం. ఆ చెట్టు కింద ఆగని నడక నడకేనా?

మిత్రులారా! వచ్చే ఏడు మన యూనియన్ బస్సు మాట్లాడటం మాని, ఓ ఆదివారం మనల్ని నడిపించాలి. చరిత్ర విద్యార్థులే దారి చూపాలి. దారి పొడుగునా మనం ప్రశ్నలడగాలి.